చార్మినార్ నాలుగొందల ఏళ్లు నిలబడింది, మన స్లాబ్ ముప్పై ఏళ్లకే ఎందుకు పెచ్చులూడుతోంది?

వాట్సాప్‌లో ఏటా ఒకసారైనా తిరిగే ఫార్వర్డ్ ఒకటుంది, మీకూ వచ్చే ఉంటుంది. ఒక పక్క చార్మినార్ ఫొటో, ఇంకో పక్క పెచ్చులూడి రాడ్లు బయటపడ్డ ఏదో అపార్ట్‌మెంట్ ఫొటో. 1591లో సిమెంటు లేకుండా, సున్నంలో బెల్లం, కోడిగుడ్లు కలిపి కట్టారని, ఇప్పటికీ చెక్కుచెదరలేదని, మనమేమో కోట్లు పోసి కట్టి ముప్పై ఏళ్లకే కూలగొట్టుకుంటున్నామని దాని సారాంశం. కింద వరసగా దండాలు. దీన్ని కొట్టిపారేసే ఇంజనీరు మిత్రులు కూడా ప్రతి గ్రూపులో ఒకరుంటారు, వాళ్ల జవాబు ఒక్కటే: పాతదంతా గొప్పదని భ్రమ, ఇప్పటి సిమెంటు ముందు సున్నం ఏపాటి? ఇద్దరి మాటలోనూ నిజం ఉంది, కానీ ఇద్దరూ అసలు విషయాన్ని తాకకుండా పోతున్నారు.

ముందు తేలిగ్గా తేలిపోయే సంగతి చూద్దాం. మనకి కనిపించేవి నిలబడ్డవి మాత్రమే. చార్మినార్ కట్టిన రోజుల్లో ఆ చుట్టుపక్కల జనం కూడా ఇళ్లు కట్టుకున్నారు కదా, మట్టితో, వెదురుతో, గడ్డితో. అవేవి? పడిపోయాయి, కాలిపోయాయి, మట్టిలో కలిసిపోయాయి. రాజుగారి ఖజానాతో, ఏళ్ల తరబడి పనిచేసే మేస్త్రులతో కట్టిన గ్రానైట్ కట్టడాన్ని తెచ్చి బ్యాంకు లోను మీద కట్టిన మూడంతస్తుల ఇంటి పక్కన పెట్టి పోల్చడం న్యాయం కాదు. పైగా చార్మినార్ చెక్కుచెదరలేదన్నది కూడా పూర్తిగా నిజం కాదు. 2019 మేలో ఒక మినారు మీది సున్నపు నగిషీ పని ఊడి కింద పడింది. సున్నం పనికి అప్పుడప్పుడూ మరమ్మతు చేస్తూనే ఉండాలి, అలా చేస్తూ వచ్చారు కాబట్టే ఇంతకాలం ఉంది.

అయినా ప్రశ్న మిగిలే ఉంటుంది. కోటగోడల సంగతి వదిలేయండి, మామూలు ఊళ్లలో వందేళ్లు దాటిన సున్నపు గోడలు ఇప్పటికీ గట్టిగానే ఉన్నాయి, 1990ల్లో పోసిన స్లాబులు కింద నుంచి రాలుతున్నాయి. ఎందుకు?

గమ్మత్తేంటంటే, ఆ ఫార్వర్డ్‌లో ఎదురెదురుగా పెట్టిన సున్నం, సిమెంటు రెండూ ఒకే రాయి నుంచి పుట్టినవి. తాండూరు, బేతంచెర్ల, కడప వైపు నుంచి వచ్చి మన ఇళ్లలో కింద పరుచుకునే నాపరాళ్లు సున్నపురాయే. ఆ రాయిని పలకలుగా చీల్చి పరిస్తే నేల. సుమారు 900 డిగ్రీల దగ్గర కాలిస్తే సున్నం. మెత్తగా పొడి చేసి, బంకమట్టి కలిపి, 1450 డిగ్రీల దాకా కాల్చి, వచ్చిన గడ్డల్ని కొంచెం జిప్సంతో కలిపి నూరితే సిమెంటు. పల్నాడు వెళితే ఈ రెండు కొలుములూ దగ్గర దగ్గరే కనిపిస్తాయి: పిడుగురాళ్లలో సున్నపు బట్టీలు, అక్కడి నుంచి దాచేపల్లి, మాచర్ల వైపు పోతే సిమెంటు ఫ్యాక్టరీలు.

సున్నం సంగతి కొంచెం దగ్గరగా చూడాలి, ఎందుకంటే మొత్తం చిక్కుముడి అక్కడే విడుతుంది. వంద కిలోల స్వచ్ఛమైన సున్నపురాయిని కాలిస్తే 44 కిలోలు కార్బన్ డయాక్సైడ్‌గా గాలిలోకి పోతుంది, 56 కిలోల కాల్చిన సున్నం మిగులుతుంది. దాని మీద నీళ్లు పోస్తే బుసబుసమని పొంగి, సలసల కాగుతుంది, సున్నం వేయడానికి ఇంట్లో డ్రమ్ములో నానబెట్టిన రోజులు గుర్తున్నవాళ్లకి ఆ ఆవిరి తెలుసు. ఆ నానిన సున్నాన్ని ఇసుకతో కలిపి గానుగలో పోస్తారు: నేలలో గుండ్రంగా రాతి కాలువ, అందులో తిరిగే రాతి చక్రం, దాన్ని లాగే ఎడ్లు. గంటల తరబడి తిప్పితే ఇసుక నలిగి, ప్రతి రేణువుకీ సున్నం పట్టి, వెన్నలాంటి ముద్ద వస్తుంది. దీన్నే గానుగ సున్నమనీ డంగు సున్నమనీ అంటారు. గోడలోకి ఎక్కాక ఈ ముద్ద గట్టిపడేది ఎండిపోయి కాదు. కాల్చినప్పుడు పోగొట్టుకున్న కార్బన్ డయాక్సైడ్‌ని గాలిలోంచి మళ్లీ నెమ్మదిగా పీల్చుకుని, తిరిగి సున్నపురాయి అయిపోతుంది. అంటే రాయిని కాల్చి, మెత్తగా చేసుకుని, మనకి కావలసిన చోట పెట్టి, మళ్లీ రాయిని చేస్తున్నామన్నమాట. ఇది పై నుంచి లోపలికి పాకుతుంది, చాలా నిదానంగా. మందపాటి గోడలో లోపలి సున్నం రాయి కావడానికి ఏళ్లూ పూళ్లూ పడుతుంది. వయసు పెరిగేకొద్దీ గోడ గట్టిపడుతుందని పెద్దవాళ్లు అనే మాట ఉత్త కబురు కాదు.

మరి బెల్లం, కరక్కాయ, కోడిగుడ్ల సంగతి? అవి కలిపిన మాట నిజమే, కానీ బలమంతా వాటిదే అనుకోవడం పొరపాటు. బెల్లం నీళ్లు పోస్తే తక్కువ నీటితోనే ముద్ద మెత్తగా కదులుతుంది, తొందరగా బిగుసుకోదు, మేస్త్రికి పని చేసుకోవడానికి వ్యవధి దొరుకుతుంది. కరక్కాయ నానబెట్టిన నీళ్లదీ దాదాపు అదే పని. గుడ్డు తెల్లసొన ఎక్కువగా పై పూతల్లో, అద్దంలా మెరిసే నునుపు కోసం. ఇవాళ రెడీమిక్స్ లారీలో పోసే అడ్‌మిక్చర్ డబ్బాలు చేసేది కూడా ఇలాంటి పనే: నీళ్లు తగ్గించడం, బిగుసుకోవడాన్ని వాయిదా వేయడం. ఒక్క హెచ్చరిక, ఆ ఫార్వర్డ్ చూసి సిమెంటులో బెల్లం కలపకండి. చక్కెర కొంచెం ఎక్కువైనా సిమెంటు బిగుసుకోవడమే ఆగిపోతుంది. సున్నానికి పథ్యమైంది సిమెంటుకి విషం.

సున్నానికి ఒక లోపం ఉంది. గాలి తగలని చోట, నీళ్లలో, అది గట్టిపడదు. దీనికి పాతవాళ్లు కనిపెట్టిన విరుగుడు సుర్కీ, అంటే కాలిన ఇటుకల పొడి. కాలిన బంకమట్టిలోని సిలికా, అల్యూమినా సున్నంతో నీటి సమక్షంలోనే కలిసిపోయి బిగుసుకుంటాయి, గాలితో పనిలేదు. రోమన్లు ఇదే పని అగ్నిపర్వతపు బూడిదతో చేశారు. 1895లో పూర్తయిన ముల్లపెరియార్ డ్యామ్ కట్టింది సున్నం, సుర్కీతోనే. మన ధవళేశ్వరం దగ్గర కాటన్ దొర 1847లో మొదలుపెట్టి 1852కి పూర్తి చేసిన ఆనకట్టకీ సిమెంటు లేదు, అప్పటికి మన దేశంలో సిమెంటు తయారీయే లేదు. ఇంగ్లండులో జోసెఫ్ ఆస్ప్‌డిన్ 1824లో పేటెంటు పుచ్చుకున్నా, మన దగ్గర తయారీ నిలదొక్కుకున్నది 1914లో పోరుబందరు ఫ్యాక్టరీ మొదలయ్యాకే. రాయి, సున్నంతో లేచిన ఆ ఆనకట్ట నూరేళ్లకు పైగా గోదావరిని మోసింది.

సిమెంటు వచ్చి మార్చింది వేగాన్ని. సున్నంలా గాలి కోసం ఎదురుచూడదు, నీళ్లు తగలగానే పని మొదలుపెడుతుంది, ఇరవై ఎనిమిది రోజులకి చెప్పుకోదగ్గ బలం వచ్చేస్తుంది. బస్తా మీద 43, 53 అని రాసేది ఆ ఇరవై ఎనిమిదో రోజు బలాన్నే. దానికి ఇనుము తోడయ్యాక కథే మారిపోయింది. రాయి, సున్నం, ఇటుక, ఉత్త కాంక్రీటు, ఇవన్నీ నొక్కితే తట్టుకుంటాయి, లాగితే పగులుతాయి. కాంక్రీటుకి లాగుడు బలం నొక్కుడు బలంలో పదో వంతు ఉంటే గొప్ప. అందుకే పాత కట్టడాల్లో అన్ని కమానులు, గుమ్మటాలు, బారెడు మందం గోడలు. అది సోకు కాదు, బరువు మొత్తం నొక్కుడుగానే కిందికి దిగేలా చూసుకోవడం. కాంక్రీటులో లాగుడు వచ్చే చోట ఇనుప కడ్డీ పెడితే ఆ కట్టుబాటు పోయింది. అయిదంగుళాల స్లాబు గది మీద చదునుగా నిలబడింది, బాల్కనీ గాలిలోకి పొడుచుకొచ్చింది, ఇరవై అంతస్తులు లేచాయి. ఎండకి కాంక్రీటు, ఇనుము దాదాపు ఒకేలా వ్యాకోచిస్తాయి కాబట్టి ఈ కాపురం కుదిరింది.

కాంక్రీటు మన జనానికి ఇచ్చింది తక్కువేం కాదు, ఇది చెప్పకుండా పాత ఇళ్లని పొగిడేవాళ్లతో నాకు పేచీ. 1977 నవంబరు 19 రాత్రి దివిసీమని ఉప్పెన ముంచెత్తినప్పుడు తాటాకు ఇళ్లు, మట్టిగోడలు ఉన్నచోట ఉన్నట్టే కొట్టుకుపోయాయి. వేలమంది పోయారు. ఆ తర్వాత తీరమంతా లేచిన తుపాను షెల్టర్లు కాంక్రీటువే. కృష్ణా, గుంటూరు పల్లెల్లో డాబా ఇల్లు కావాలని జనం ఎందుకు అంగలార్చారో అర్థం చేసుకోవాలంటే వేసవిలో కాలిన పాకల్ని, రెండు మూడేళ్లకోసారి కప్పు నేయించుకునే ఖర్చుని కూడా గుర్తుంచుకోవాలి. పిల్లనివ్వాలన్నా పెంకుటిల్లా డాబానా అని అడిగేవాళ్లాయె.

ఇప్పుడు అసలు ముడి. సున్నపు గోడని గట్టిపరిచే రసాయన చర్యే మన స్లాబులో ఇనుముకి చేటు తెస్తుంది. కొత్త కాంక్రీటు చాలా క్షారగుణంతో ఉంటుంది, ఆ గుణాన్ని కొలిచే పీహెచ్ అంకె 12.5కి పైనే. అంత క్షారంలో ఇనుము మీద కంటికి కనపడని పలచటి పొర ఏర్పడి తుప్పు పట్టకుండా కాపాడుతుంది. అయితే గాలిలోని కార్బన్ డయాక్సైడ్ కాంక్రీటులోకీ నెమ్మదిగా చొరబడుతుంది, అందులోని సున్నంతో కలిసి దాన్ని మళ్లీ సున్నపురాయిగా మారుస్తుంది. కాంక్రీటుకి దీనివల్ల నష్టం లేదు, కొంచెం గట్టిపడుతుంది కూడా. కానీ క్షారం తగ్గిపోతుంది, పీహెచ్ 9 దరిదాపులకి దిగిపోతుంది. ఆ మార్పు పాకుతూ పాకుతూ కడ్డీని చేరిన రోజు, ఇనుము రక్షణ పోతుంది. తేమ తగిలితే చాలు, తుప్పు మొదలు. తుప్పు అసలు ఇనుము కన్నా రెండు నుంచి ఆరు రెట్లు చోటు ఆక్రమిస్తుంది, డబ్బాలో కుక్కి నీళ్లు పోసిన శనగల్లా లోపలి నుంచి ఉబ్బి కాంక్రీటుని పగలగొడుతుంది. మనం పెచ్చులూడటం అనేది అదే. సముద్రం పక్కనైతే, విశాఖలో బీచ్ వైపు ఇళ్లలాగా, ఉప్పు గాలి ఇంకా ముందే ఆ పని పూర్తి చేస్తుంది.

చార్మినార్‌లో స్లాబు లేదు, స్లాబులో పెట్టే కడ్డీల్లేవు. గాలి సొరబడితే దానికి లాభమే. మన స్లాబులో ఇనుము ఉంది. గాలి సొరబడటానికి ఎంత కాలం పడుతుందన్నదే దాని ఆయుష్షు. ఇది సున్నం గొప్పతనమో సిమెంటు చేతకానితనమో కాదు.

ఆ కాలాన్ని నిర్ణయించేది ఫ్యాక్టరీ కాదు, మన సైటులో జరిగే రెండు మూడు పనులు. ఒకటి కవర్, అంటే కడ్డీకి బయటి గాలికి మధ్య ఉండే కాంక్రీటు మందం. కాంక్రీటు పనులకి మన దేశపు ప్రమాణమైన ఐఎస్ 456 కోడ్ ప్రకారం స్లాబుకి కనీసం 20 మిల్లీమీటర్లు, పిల్లరుకి 40. సెంట్రింగ్ మీద కడ్డీలు అల్లాక కింద కవర్ బ్లాకులు పెట్టి ఎత్తాలి. చాలాచోట్ల జరిగేది ఏంటంటే, కంకర రాయి ముక్కలు రెండు కింద తోసి అయిందనిపిస్తారు, కాంక్రీటు పోసే ముఠా ఆ కడ్డీల మీదే నడుస్తుంది, ముక్కలు జారిపోతాయి, కడ్డీ వెళ్లి రేకుకి అంటుకుంటుంది. ఈ చొరబాటు లెక్క మామూలు లెక్క కాదు: లోతుకి పట్టే కాలం ఆ లోతు వర్గాన్ని బట్టి పెరుగుతుంది. కవర్ సగానికి తగ్గితే ఆయుష్షు సగం కాదు, పావు వంతవుతుంది. నలభై ఏళ్లు ఆగాల్సింది పదేళ్లకే వచ్చి కూర్చుంటుంది. ఒక్క సెంటీమీటరు దగ్గర ఇంత తేడా వస్తుందని ఇల్లు కట్టుకునే వాళ్లలో ఎంతమందికి తెలుసు? టైల్స్ షాపులో మాత్రం మూడు రోజులు తిరుగుతాం.

రెండోది నీళ్లు. సిమెంటు రసాయనికంగా కట్టుకునేది తన బరువులో పావు వంతు నీళ్లని మాత్రమే. పని సాగడానికి ఇంకొన్ని కావాలి కాబట్టి మామూలు ఇళ్లకి వాడే ఎం20 రకం కాంక్రీటు మిశ్రమంలో బస్తాకి 30 లీటర్లు మించొద్దని కోడ్ చెబుతుంది. కాంక్రీటు కలిపే మిల్లరు దగ్గర నిలబడి చూడండి. మొదటి రెండు బస్తాలకి కొలత ఉంటుంది, ఎండ ఎక్కేకొద్దీ, మాలు మోసే వాళ్లు గట్టిగా ఉందని గొణిగేకొద్దీ, మగ్గు మగ్గు అదనంగా పడుతుంది. జారుడుగా ఉంటే పరచడం తేలిక, పై తలం నున్నగా వస్తుంది, ఓనరు కూడా సంతోషిస్తాడు. ఆ అదనపు నీళ్లు తర్వాత ఆవిరైపోయి వాటి చోట సన్నటి రంధ్రాలు మిగులుతాయి, గాలి నడిచే దారులవి. మూడోది తడపడం. మామూలు సిమెంటుకి కనీసం ఏడు రోజులు, బూడిద కలిసిన పీపీసీ రకం సిమెంటుకి, మన ఎండలకి పది రోజులు తడి ఆరకూడదు. పైపుతో పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి చిలకరించడం తడపడం కాదు. స్లాబు మీద మడులు కట్టి నీళ్లు నిలబెట్టడం, పిల్లర్లకి గోనెపట్టాలు చుట్టి తడపడం అసలు పద్ధతి.

పాత స్లాబు ఎంతవరకు పాడైందో చూడటానికి ఒక చవక పరీక్ష ఉంది. ఒక మూల చిన్న పెచ్చు కొట్టి, తాజాగా విరిగిన చోట ఫినాఫ్తలీన్ ద్రావణం చిలకరిస్తారు. గులాబీ రంగు వస్తే అక్కడ క్షారం ఉంది, రంగు రాకపోతే గాలి అంత లోతు దాకా వచ్చేసిందని అర్థం. రంగు మారే గీత కడ్డీకి ఇవతలే ఉంటే ఇంకా టైముంది, దాటిపోయి ఉంటే ఊడిన చోట పైపైన సిమెంటు మెత్తి రంగు వేయడం డబ్బు దండగ.

53 గ్రేడ్ మోజు గురించి కూడా ఒక మాట. ఇంటికి 53 గ్రేడే కావాలని పట్టుబట్టేవాళ్లు ఎక్కువ, నంబరు పెద్దది కాబట్టి. అది తొందరగా బలం వచ్చే సిమెంటు, వేడీ ఎక్కువ పుట్టిస్తుంది, తడపడంలో అశ్రద్ధ చేస్తే సన్నటి పగుళ్లు ఖాయం. మామూలు ఇంటికి పీపీసీ చాలు, ప్లాస్టరింగ్‌కైతే అదే మేలు. పీపీసీలో కలిపేది థర్మల్ కేంద్రాల బూడిద, 15 నుంచి 35 శాతం దాకా. సిమెంటు బిగుసుకునేటప్పుడు విడుదలయ్యే సున్నాన్ని ఆ బూడిద పట్టుకుని కొత్త జిగురుగా మారుస్తుంది, రంధ్రాలు మూసుకుంటాయి. ఎక్కడో విన్నట్టుంది కదా? సుర్కీ చేసే పని ఇదే. ఇంతదూరం వచ్చి ఆధునిక సిమెంటు మళ్లీ ఇటుక పొడి దారిలోకే వచ్చింది.

బూడిద ఇటుకలదీ అదే సూత్రం, బట్టీలో కాల్చే పనిలేకుండా సున్నమో సిమెంటో కలిపి నొక్కి తడిపితే చాలు. 1999లో కేంద్ర పర్యావరణ శాఖ థర్మల్ కేంద్రాల చుట్టుపక్కల కట్టడాల్లో బూడిద వాడాలని నోటిఫికేషన్ ఇచ్చాక, ఇబ్రహీంపట్నం, కొత్తగూడెం, రామగుండం లాంటి చోట్ల గుట్టలుగా పేరుకున్న బూడిదకి ఒక దారి దొరికింది. ఎర్ర ఇటుక కోసం పొలాల మేలిమి పైమట్టి తవ్వేయడం కొంతైనా తగ్గింది. ఎర్ర ఇటుక మంచిది కాదని కాదు, బాగా కాలిన ఇటుక రెండు కలిపి కొడితే ఖంగుమనాలి, ఆ శబ్దం రానివే ఇప్పుడు ఎక్కువ వస్తున్నాయి.

ఇక అపార్ట్‌మెంట్లన్నిటా కనిపించే తెల్లటి ఏఏసీ బ్లాకులు. సిమెంటు, సున్నం, బూడిద, జిప్సం ముద్దలో చిటికెడు అల్యూమినియం పొడి వేస్తే హైడ్రోజన్ బుడగలు పుట్టి పిండి పొంగుతుంది, దాన్ని కోసి ఒత్తిడిలో ఆవిరి పట్టిస్తారు. ఘనమీటరు 600 కిలోల దగ్గర తూగుతుంది, అంటే నీళ్లలో తేలుతుంది. నీళ్లలో తేలే ఇటుకలు మనకి కొత్త కాదు. రేచర్ల రుద్రుడు 1213లో కట్టించిన, 2021లో యునెస్కో జాబితాకెక్కిన రామప్ప గుడి శిఖరంలో ఉన్నవి అలాంటివే. ఇసుక నింపిన పునాది మీద అంత రాతి పని చేసి, పైన బరువు తగ్గించడానికి గుల్ల ఇటుకలు వాడారు. ఇరవయ్యో అంతస్తులో ఏఏసీ పెట్టే ఇంజనీరు లెక్క కూడా బరువు లెక్కే. ఏఏసీతో తంటా వేరే ఉంది: నీళ్లు బాగా పీలుస్తుంది, మేకులు పట్టవు, బీముతో కలిసే చోట జాలీ వేయకుండా ప్లాస్టరింగ్ చేస్తే ఏడాదిలో గీత పడుతుంది. గీత పడిందని బ్లాకుని తిట్టుకుంటాం, తప్పు అతుకుది.

వేడి సంగతి. గది మగ్గిపోవడానికి గోడల కన్నా ముందు చూడాల్సింది పైకప్పుని. అయిదంగుళాల కాంక్రీటు పగలంతా ఎండ తాగి రాత్రి పదింటికి మన నెత్తిన దింపుతుంది. అనంతపురం, కర్నూలు పల్లెల మట్టి మిద్దెలు దీనికి పూర్తిగా వేరే జవాబు. దూలాలు, వాటి మీద దంతెలు, పైన కట్టెలో బండలో పరిచి, మందంగా మట్టి వేసి, అన్నిటికన్నా పైన చౌడు. వానాకాలం ముందు ఏటా ఇంత చౌడు చల్లుకుంటారు. పంట పండని, నీళ్లు ఇంకని చౌడు నేలని రైతు తిట్టుకుంటాడు, కానీ అదే నీళ్లు ఇంకని గుణం మిద్దె మీద వరం. చౌడులో సోడియం ఎక్కువ. తడి తగలగానే బంకమట్టి రేణువులు విడివడి, ఉబ్బి, సందులన్నీ పూడ్చేస్తాయి, ఆ పై నీళ్లు లోపలికి దిగవు, జారి దోనెల్లోంచి బయటికి పోతాయి. డబ్బిచ్చి కొనే పని లేని వాటర్ ప్రూఫింగ్ అది. అయితే ఆ మిద్దె ఏటా మనిషిని అడుగుతుంది. ఇంట్లో కుర్రాళ్లు బెంగళూరు, హైదరాబాద్ వెళ్లిపోయాక చౌడు చల్లేదెవరు? మిద్దెలు కూలింది మట్టి బలహీనమై కాదు, చాలావరకు ఇందుకే. స్లాబు ఇల్లున్న వాళ్లకి చవక మార్గం మేడ మీద తెల్ల సున్నమో, వేడిని తిప్పికొట్టే తెల్ల పెయింటో. తెలంగాణ ప్రభుత్వం 2023లో కూల్ రూఫ్ పాలసీ అని తెచ్చింది కూడా ఈ ఆలోచనతోనే.

వాతావరణం పేరుతో సున్నాన్ని పొగిడేటప్పుడు ఒక జాగ్రత్త కావాలి. ప్రపంచంలో మనుషులు వదిలే కార్బన్ డయాక్సైడ్‌లో సిమెంటు వాటా ఏడెనిమిది శాతం దాకా ఉంటుంది, అందులో సగానికి పైగా బొగ్గు వల్ల కాదు, రాయి కాలినప్పుడు రాయిలోంచే వస్తుంది, కాబట్టి కొలిమికి సోలార్ పెట్టినా పోదు. సున్నమూ కాల్చిన రాయే. గట్టిపడేటప్పుడు రాయి వదిలింది తిరిగి పీల్చుకుంటుంది, నిజమే, కానీ బట్టీలో కాలిన బొగ్గు పొగ తిరిగి రాదు. సిమెంటంతా మానేసి అందరం సున్నానికి మళ్లితే లెక్క బాగుపడుతుందన్నది కల. ఆశ ఉన్నది ఇంకో దిక్కున: సిమెంటులో కాల్చిన రాయి వాటా తగ్గించి, తక్కువ వేడిలో కాల్చిన బంకమట్టి, కాల్చని సున్నపురాయి పొడి కలపడం. ఎల్‌సీ3 అంటున్నారు దీన్ని, మన దేశంలో 2023లో దీనికి ప్రమాణం కూడా వచ్చింది. మళ్లీ సుర్కీయే, చూశారా.

చివరిగా, నాకు అన్నిటికన్నా కడుపుమండే విషయం. తాతల నాటి సున్నపు ఇల్లు ఉంటుంది, మండువా లోగిలో, బెంగుళూరు పెంకుల ఇల్లో. గోడ మొదట్లో కాస్త నెమ్ము వస్తుంది. మేస్త్రి వచ్చి, ఇది పాతకాలం సున్నమండీ, గీకేసి సిమెంటు ప్లాస్టరింగ్ చేసేద్దాం అంటాడు. చేస్తారు, పుట్టీ పెడతారు, మెరిసే పెయింటు వేస్తారు. రెండు వానాకాలాలకి పాత మరక ఉన్నచోట కాకుండా మోకాలి ఎత్తు దాటి నడుం దాకా పెయింటు పొక్కులు లేచి, గోరుతో గీకితే తెల్లగా ఉప్పు రాలుతుంది. పునాదిలో నెమ్ము నిరోధక పొర లేని ఆ ఇళ్లలో నేలలోని తడి గోడలోకి ఎప్పుడూ ఎక్కుతూనే ఉండేది, సున్నపు పూత గుల్లగా ఉంటుంది కాబట్టి ఎక్కిన తడి ఎక్కినట్టే బయటికి ఆరిపోయేది. సిమెంటు, పెయింటు ఆ దారి మూసేశాయి. తడి దారి వెతుక్కుంటూ పైకి పోతుంది, వెంట తెచ్చిన ఉప్పు ప్లాస్టరు వెనక గడ్డకట్టి పాత మెత్తటి ఇటుకని పిండి చేస్తుంది. పైగా గట్టి సిమెంటు, మెత్తటి గోడ ఎండకి ఒకేలా కదలవు, ఎక్కడో విడిపోతాయి, విడిపోయేటప్పుడు ఇటుక మొహాన్ని కూడా ఊడదీసుకుని వస్తాయి. హైదరాబాద్‌లో కుతుబ్‌షాహీ సమాధుల పునరుద్ధరణలో ఆగాఖాన్ ట్రస్టు వాళ్లు చేసిన పెద్ద పనుల్లో ఒకటి ఇదే, గత శతాబ్దంలో మరమ్మతు పేరుతో పూసిన సిమెంటుని గీకి తీసి మళ్లీ సున్నం పెట్టడం.

అలాంటి ఇల్లు మీకుంటే ముందు ప్లాస్టరు జోలికి పోకండి. చూరు నీళ్లు, మోటారు దగ్గర కారే నీళ్లు గోడ మొదట్లో నిలుస్తున్నాయేమో చూసి మళ్లించండి, గోడని ఆనుకుని కొత్తగా పోసిన సిమెంటు చప్టా ఉంటే ఆ మేరకు జానెడైనా వదిలి తీయించండి, చాలా ఇళ్లలో సగం నెమ్ము దీంతోనే తగ్గుతుంది. ఊడిన మేరకే పాత పూత గీకించి, ఒక ఎండాకాలం పూర్తిగా ఆరనివ్వండి. సున్నం పని తెలిసిన తాపీ మేస్త్రి ఇప్పుడు కష్టంగా దొరుకుతాడు, గుడుల మరమ్మతులు చేసే వాళ్లని వాకబు చేస్తే దొరుకుతాడు. ఎడ్ల గానుగ అక్కర్లేదు, మోటారు గానుగ ఉన్నా చాలు, కాకపోతే సున్నం కనీసం రెండు మూడు వారాలు నీళ్ల కింద నానాలి, బస్తా విప్పి అప్పటికప్పుడు కలిపేస్తానంటే ఒప్పుకోకండి. పూత ఒకేసారి మందంగా కాకుండా పలచగా రెండు మూడు వరసలు, ఒక్కో వరసకి మధ్య వ్యవధి, ఎండ సూటిగా కొట్టకుండా తడి గోనెలు. రంగు కావాలంటే సున్నంలో కలిపే పొడి రంగులే, ప్లాస్టిక్ పెయింటు వద్దు.